ఆనోడ్ ఎప్పుడు ధనం, ఎప్పుడు రుణం: అయాన్ల పదజాలంలో చిక్కుముళ్లు

విద్యుద్విశ్లేషణ పాఠంలో ఆనోడ్‌ది ధనావేశం. నాలుగు పేజీలు తిప్పి డేనియల్ ఘటం (జింకు, రాగి పలకలతో కరెంటు పుట్టించే ఘటం) దగ్గరికి వస్తే ఆనోడ్‌ది రుణావేశం. ఇంటర్ రసాయన శాస్త్రంలో విద్యార్థులు ఎక్కువగా తడబడే చోట్లలో ఇదొకటి. చాలామంది 'ఇక్కడ ఇలా, అక్కడ అలా' అని బట్టీ పట్టి గట్టెక్కుతారు. నిజానికి రసాయన చర్యలో ఏ వైరుధ్యమూ లేదు. అయాన్ (ఆవేశం ఉన్న పరమాణువు లేదా పరమాణువుల గుంపు), ఆనోడ్, కాథోడ్ అన్న మాటలను కదలిక దిశను బట్టి కట్టారు. మనం వాటిని ధన, రుణ గుర్తులను బట్టి చదువుతున్నాం. చిక్కంతా అక్కడే పుడుతోంది.

ఈ మాటలన్నీ దాదాపు ఒకేసారి, 1834లో, మైకేల్ ఫారడే పరిశోధన పత్రాల ద్వారా వాడుకలోకి వచ్చాయి. అప్పటిదాకా ద్రావణంలో ముంచిన లోహపు పలకలను 'ధ్రువాలు' అనేవారు. ఆ మాట ఫారడేకు నచ్చలేదు. ధ్రువం అంటే అయస్కాంతంలా లాగుతుందన్న అర్థం ముందే వచ్చి కూర్చుంటుంది. పలకలు పదార్థాన్ని దూరం నుంచి లాగి విడదీయవనీ, అవి కరెంటు ద్రావణంలోకి వచ్చే, బయటికి పోయే ద్వారాలు మాత్రమేననీ ఆయన వాదన. కొత్త పేర్ల కోసం కేంబ్రిడ్జ్ ట్రినిటీ కాలేజీలో ఉన్న విలియం హ్యూయెల్‌ను అడిగితే, ఆయన గ్రీకు నుంచి ఆనోడ్, కాథోడ్, అయాన్, ఆనయాన్, కాటయాన్ సూచించాడు. ఆనోడ్ అంటే పైకి దారి, కాథోడ్ అంటే కిందికి దారి. ఈ పైకి, కిందికి ఎక్కడివంటే, భూమి అయస్కాంతత్వానికి కారణం భూమి చుట్టూ తూర్పు నుంచి పడమరకు తిరిగే కరెంటు అనుకుంటే, ఘటాన్ని ఆ దిశలోనే పెట్టి చూడమన్నాడు ఫారడే. అప్పుడు కరెంటు లోపలికి వచ్చే పలక సూర్యుడు పైకి వచ్చే వైపు, బయటికి పోయే పలక కిందికి దిగే వైపు ఉంటుంది. ధన, రుణ గుర్తుల ఊసే ఇందులో లేదు.

అయాన్ అంటే గ్రీకులో 'పోయేది'. ఉత్తరాయణం, దక్షిణాయనంలోని అయనం కూడా అదే ప్రాచీన ధాతువు నుంచి వచ్చింది. అందుకే అయనీకరణం అన్న మాట తెలుగు చెవికి పరాయిగా తోచదు. కానీ ఆనోడ్, కాథోడ్‌ల విషయంలో మన అలవాటు మూలానికి ఎదురు నడిచింది. ఆనోడ్‌ను ధనధ్రువం, కాథోడ్‌ను రుణధ్రువం అని రాయడం మొదలైంది. ఫారడే వదిలించుకోవాలనుకున్న 'ధ్రువం' తిరిగి వచ్చింది. దాని వెంట, మూలంలో లేని 'ధన' కూడా చేరింది. ఆనోడ్, కాథోడ్ అన్న మాటలను తెలుగు లిపిలో అలాగే ఉంచి, గుర్తు అవసరమైన చోట విడిగా చెప్పడమే మేలు.

ఎక్కడైనా పనిచేసే నియమం ఒకటే: ఆనోడ్ దగ్గర ఆక్సీకరణం (ఎలక్ట్రాన్లు పోవడం), కాథోడ్ దగ్గర క్షయకరణం (ఎలక్ట్రాన్లు చేరడం). కరెంటు దిశలో చెప్పాలంటే, బయటి తీగ నుంచి కరెంటు ద్రావణంలోకి దిగేది ఆనోడ్ దగ్గర. డేనియల్ ఘటంలో జింకు కరిగి ఎలక్ట్రాన్లను తీగలోకి వదులుతుంది. కాబట్టి జింకే ఆనోడ్. ఎలక్ట్రాన్లు అక్కడి నుంచి బయలుదేరుతున్నాయి కనుక మీటరు దాన్ని రుణంగా చూపిస్తుంది. రాగి పూత తొట్టెలో ఎలక్ట్రాన్లను బలవంతంగా లాగేది బయటి బ్యాటరీ. అది ఏ పలక నుంచి లాగుతుందో ఆ పలక ధనం, అదే ఆనోడ్. గుర్తు మారింది, పని మారలేదు.

దీనికి గట్టి సాక్ష్యం లవణ సేతువు. డేనియల్ ఘటంలో రెండు గిన్నెలను కలిపే ఆ గొట్టంలోని ఆనయాన్లు (రుణావేశ అయాన్లు) జింకు వైపు, అంటే మీటరు రుణమని చూపే పలక వైపు పోతాయి. 'రుణం రుణాన్ని తోసేస్తుంది కదా' అని గుర్తులతో ఆలోచించేవారికి ఇది మింగుడుపడదు. జింకు కరిగిన కొద్దీ ఆ గిన్నెలో ధనావేశ జింకు అయాన్లు పెరుగుతాయి. వాటికి జోడుగా ఆనయాన్లు రావాలి. లేకపోతే కరెంటు క్షణాల్లో ఆగిపోతుంది. ఆనయాన్ ఎప్పుడూ ఆనోడ్‌కే, కాటయాన్ (ధనావేశ అయాన్) ఎప్పుడూ కాథోడ్‌కే పోతాయి. హ్యూయెల్ పేర్లు రెండు రకాల ఘటాల్లోనూ నిలబడ్డాయి. గొట్టంలో పొటాషియం క్లోరైడ్ నింపడానికీ కారణం ఉంది. పొటాషియం, క్లోరైడ్ అయాన్లు దాదాపు ఒకే వేగంతో కదులుతాయి కాబట్టి రెండు ద్రావణాలు కలిసే చోట అదనపు వోల్టేజీ పెద్దగా పుట్టదు. ఒక గిన్నెలో వెండి లవణం ఉంటే మాత్రం దీన్ని వాడకూడదు. సిల్వర్ క్లోరైడ్ తెల్లగా పేరుకుని గొట్టం మూసుకుపోతుంది. అప్పుడు పొటాషియం నైట్రేట్ నింపుతారు.

లిథియం అయాన్ బ్యాటరీ ఈ నియమానికి ఒక వాడుక మినహాయింపు తెచ్చింది. ఫోన్ వాడుతున్నప్పుడు గ్రాఫైట్ వైపు ఆక్సీకరణం జరుగుతుంది కాబట్టి గ్రాఫైట్ ఆనోడ్. ఛార్జింగ్ పెట్టగానే అక్కడ జరిగేది క్షయకరణం. నియమం ప్రకారం పేర్లు తారుమారు కావాలి. కానీ బ్యాటరీ పరిశ్రమ డిశ్చార్జి సమయంలోని పేర్లనే స్థిరంగా ఉంచేసుకుంది. బ్యాటరీ గురించి చదివేటప్పుడు ఈ ఒప్పందం గుర్తుంచుకోకపోతే ఛార్జింగ్ వివరణ తలకిందులుగా కనిపిస్తుంది. పేరులోని 'అయాన్' కూడా ఊరికే పెట్టింది కాదు. 1991లో సోనీ మార్కెట్లోకి తెచ్చిన ఈ బ్యాటరీలో లిథియం లోహపు రేకు ఉండదు. లిథియం అయాన్లు రెండు పలకల మధ్య అటూ ఇటూ తిరుగుతాయి, అంతే. మరీ వేగంగా గానీ, సున్నా డిగ్రీల కంటే చల్లగా ఉన్నప్పుడు గానీ ఛార్జి చేస్తే అయాన్లు గ్రాఫైట్ పొరల్లోకి దూరలేక దాని మీదే లోహంగా పేరుకుంటాయి. బ్యాటరీ సామర్థ్యం పడిపోవడానికి, లోపల షార్ట్ కావడానికి అదొక కారణం.

అయాన్ ఆవేశం ఎంతన్నది లెక్కలోకి వచ్చేది పూత పనిలో. ఒక మోల్ (రసాయన శాస్త్రంలో కణాల సంఖ్యకు కొలమానం) ఎలక్ట్రాన్ల ఆవేశం 96,485 కూలుంబ్‌లు. ఒక ఆంపియర్ కరెంటు గంటసేపు పారితే 3,600 కూలుంబ్‌లు, అంటే 0.0373 మోల్ ఎలక్ట్రాన్లు. అంతే కరెంటుకు వెండి 4.02 గ్రాములు పేరుకుంటే, రాగి 1.19 గ్రాములే, అల్యూమినియం 0.34 గ్రాములే పేరుకుంటాయి. వెండి అయాన్‌కు ఒక ఎలక్ట్రాన్ చాలు, రాగికి రెండు, అల్యూమినియంకు మూడు కావాలి. (అల్యూమినియంను నీటి ద్రావణం నుంచి తీయలేరు. నీరే ముందు విడిపోయి హైడ్రోజన్ వస్తుంది. అందుకే కరిగించిన లవణంలో చేస్తారు.) తూకం లెక్క కంటే తక్కువ వచ్చిందంటే కరెంటులో కొంత భాగం హైడ్రోజన్ బుడగలకు పోయిందని మొదట అనుమానించాలి.

ఇక్కడ రాతలో జరిగే ఒక పొరపాటు. అయాన్ ఆవేశాన్ని 2+ అని, అంకె ముందు, గుర్తు తర్వాత రాస్తారు. ఆక్సీకరణ సంఖ్యను +2 అని, గుర్తు ముందు పెట్టి రాస్తారు. తేడా చాదస్తం కాదు. పర్మాంగనేట్‌లో మాంగనీసు ఆక్సీకరణ సంఖ్య +7. కానీ ఏడు ఎలక్ట్రాన్లు పోగొట్టుకున్న మాంగనీసు అయాన్ ఆ ద్రావణంలో ఎక్కడా ఉండదు. అక్కడున్నది మాంగనీసు, నాలుగు ఆక్సిజన్లు కలిసిన, మొత్తం మీద ఒక రుణావేశం ఉన్న అయాన్. ఆక్సీకరణ సంఖ్య లెక్క కోసం పెట్టుకున్నది, అయాన్ ఆవేశం కొలిస్తే దొరికేది.

ఫారడే అనుకున్నది ఒకటి తర్వాత మారిపోయింది. కరెంటు పారితేనే అయాన్లు పుడతాయని ఆయన కాలపు నమ్మకం. కరెంటు లేకపోయినా ఉప్పు నీటిలో అయాన్లు ముందే విడివిడిగా ఉంటాయని స్వీడన్ శాస్త్రవేత్త స్వాంటే అర్హేనియస్ ప్రతిపాదించాడు. 1884లో ఉప్సలా విశ్వవిద్యాలయానికి ఆయన సమర్పించిన సిద్ధాంత గ్రంథానికి పరీక్షకులు తక్కువ శ్రేణి ఇచ్చారు. ఆ పనికే 1903లో నోబెల్ వచ్చింది. ఆయన పక్షాన నిలిచిన సాక్ష్యం గడ్డకట్టే ఉష్ణోగ్రత. కిలో నీటిలో 0.1 మోల్ చక్కెర కరిగిస్తే ఘనీభవన స్థానం 0.186 డిగ్రీలు తగ్గుతుంది. అన్నే మోల్‌ల ఉప్పు వేస్తే దాదాపు 0.348 డిగ్రీలు తగ్గుతుంది. ఉప్పులో కణాల సంఖ్య దాదాపు రెట్టింపైందన్నమాట. సరిగ్గా రెట్టింపు కాకపోవడానికి కారణం, విడిపోయినా అయాన్లు ఒకదాన్నొకటి పూర్తిగా మరచిపోవు.

ఈ సందర్భంలోనే అయనీకరణం, వియోజనం అన్న రెండు మాటలు కలగాపులగం అవుతాయి. ఉప్పు స్ఫటికంలో సోడియం, క్లోరైడ్ ముందే అయాన్లు. నీరు వాటిని విడదీస్తుంది, తయారు చేయదు. అది వియోజనం. హైడ్రోజన్ క్లోరైడ్ వాయువులో ఉన్నవి అణువులు. నీటిలో కలిశాకే అయాన్లు పుడతాయి. అది అయనీకరణం. వాయు స్థితిలో ఒంటరి పరమాణువు నుంచి ఎలక్ట్రాన్‌ను పీకే శక్తిది మరో లెక్క. పాత తెలుగు పుస్తకాలు దాన్ని అయనీకరణ శక్మం అన్నాయి, తర్వాత అయనీకరణ శక్తి, ఇప్పుడు అయనీకరణ ఎంథాల్పీ అంటున్నారు. సోడియంకు మొదటి ఎలక్ట్రాన్ పోవడానికి మోల్‌కు 496 కిలోజౌళ్లు చాలు, రెండోది పోవాలంటే 4,562 కావాలి. సోడియం అయాన్ ఎప్పుడూ ఒక్క ధనావేశంతోనే ఎందుకు కనబడుతుందో ఆ రెండు అంకెలే చెబుతాయి.

'పోయేది' ఎంత వేగంగా పోతుంది? ఊహించినంత కాదు. సెంటీమీటరుకు ఒక వోల్ట్ పెడితే నీటిలో సోడియం అయాన్ గంటకు సుమారు 1.9 సెంటీమీటర్లు నడుస్తుంది. హైడ్రోజన్ అయాన్ మాత్రం 13 సెంటీమీటర్లు. అది తానుగా ఈదదు. ఒక నీటి అణువు నుంచి పక్క అణువుకు ప్రోటాన్ చేతులు మారుతుంది, అందుకే ఆ వేగం. లిథియం అయాన్ సోడియం కంటే చిన్నది, అయినా దానికంటే నెమ్మది. చిన్న అయాన్ చుట్టూ విద్యుత్ క్షేత్రం బలంగా ఉంటుంది కనుక ఎక్కువ నీటి అణువులను కప్పుకుని తిరుగుతుంది. దీన్నే ఆర్ద్రీకరణం అంటారు.

కాలేజీ ల్యాబులో లవణ విశ్లేషణ చేసేవారి నోట 'ఆమ్ల రాడికల్, క్షార రాడికల్' ఇంకా వినబడుతుంది. అది పాత వాడుక. ఇప్పుడు రాడికల్ అంటే జత లేని ఎలక్ట్రాన్ ఉన్న కణం. దానికి ఆవేశం ఉండాల్సిన పనే లేదు. సల్ఫేట్, నైట్రేట్, అమ్మోనియం అయాన్లే తప్ప రాడికల్‌లు కావు. పేరు సంగతి అలా ఉంచితే, ఆ బల్ల మీద అసలు దెబ్బ తగిలేది, అయాన్లను గ్రూపులుగా వరుసగా విడదీసేటప్పుడు, మూడో గ్రూపు దగ్గర. అమ్మోనియం హైడ్రాక్సైడ్ పోసే ముందు అమ్మోనియం క్లోరైడ్ వేయాలి. ఉమ్మడి అయాన్ ప్రభావం వల్ల హైడ్రాక్సైడ్ అయాన్ల గాఢత పడిపోయి ఇనుము, అల్యూమినియం వంటివి మాత్రమే అవక్షేపంగా దిగుతాయి. అది వేయడం మరిచిపోతే మాంగనీసు, మెగ్నీషియం కూడా కలిసి దిగిపోతాయి, ఆపై గ్రూపులన్నీ తప్పే. ఇనుము ఉందనుకుంటే అంతకు ముందే గాఢ నత్రికామ్లంతో మరిగించాలి. రెండు ధనావేశాల ఇనుము అయాన్ మూడు ధనావేశాలకు మారకపోతే ఈ గ్రూపులో పూర్తిగా దిగదు.

మన దగ్గర అయాన్ల మాటలు జనం నోట ఎక్కువగా నలిగేది తాగునీటి విషయంలో. నల్గొండ జిల్లా గురించి దశాబ్దాలుగా 'ఫ్లోరిన్ నీళ్లు' అనే రాస్తున్నారు. ఫ్లోరిన్ లేత పసుపు రంగు వాయువు. నీరు తగిలితే దానితో చర్య జరిపి మాయమవుతుంది. బోరు నీటిలో ఉన్నది ఫ్లోరైడ్ అయాన్. మాటల్లో ఫ్లోరిన్ అంటే పోయేదేమీ లేదు, ఎవరికైనా అర్థమవుతుంది. కానీ క్లోరిన్, క్లోరైడ్ దగ్గర ఆ వెసులుబాటు లేదు. నీటి రిపోర్టులో అవి రెండు వేర్వేరు వరుసలు. మిగులు క్లోరిన్ క్రిములను చంపేది. భారత ప్రమాణం ఐఎస్ 10500 ప్రకారం కనీసం లీటరుకు 0.2 మిల్లీగ్రాములు ఉండాలి. క్లోరైడ్ ఉప్పులోని అయాన్. దాని ఆమోదయోగ్య పరిమితి 250 మిల్లీగ్రాములు. ఒకదాన్ని చూసి మరొకటనుకుంటే, క్రిముల రక్షణ లేని నీటిని 'క్లోరిన్ దండిగా ఉంది' అని తాగేస్తారు.

టీడీఎస్ (నీటిలో కరిగిన మొత్తం పదార్థాలు) మీటర్ మీద నమ్మకం కూడా ఇలాంటిదే. అది ఉప్పును తూచదు, నీటి వాహకత్వాన్ని కొలిచి ఒక గుణకంతో హెచ్చిస్తుంది. ఆ గుణకం తయారీదారును బట్టి 0.5 నుంచి 0.7 దాకా ఉంటుంది. వాహకత్వం సెంటీమీటరుకు 1000 మైక్రోసీమెన్స్ ఉన్న ఒకే గ్లాసు నీటికి ఒక మీటరు 500, ఇంకోటి 700 చూపిస్తే రెండూ సరిగ్గానే పనిచేస్తున్నాయని అర్థం. ఆవేశం లేనిదేదీ దానికి కనబడదు. చక్కెర, చాలా రకాల పురుగుమందులు, క్రిములు కలిసినా అంకె కదలదు. ఆవేశం ఉన్న ఫ్లోరైడ్ కూడా దాని కంట పడదు. టీడీఎస్ 800 ఉన్న నీటిలో ఫ్లోరైడ్ 2 మిల్లీగ్రాములు ఉందంటే, అది అనుమతించదగ్గ గరిష్ఠ పరిమితి 1.5ను దాటేసినట్టే, కానీ మొత్తంలో నాలుగో వంతు శాతమే. నాగ్‌పూర్‌లోని నీరి (జాతీయ పర్యావరణ ఇంజినీరింగ్ పరిశోధన సంస్థ) రూపొందించిన నల్గొండ పద్ధతిలో నీటికి పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్‌ను మడ్డిగా దించుతారు. పటికలోని సల్ఫేట్ అయాన్లు నీటిలోనే ఉండిపోతాయి. కాబట్టి ఫ్లోరైడ్ తగ్గాక కూడా మీటరు అంకె పెరగొచ్చు.

నీటి రిపోర్టు నమ్మదగిందో కాదో తేల్చడానికి అయాన్ల సూత్రం ఒకటి చాలు: ఏ ద్రావణంలోనైనా మొత్తం ధనావేశం, మొత్తం రుణావేశం సమానం. మిల్లీగ్రాములను నేరుగా కూడితే ఇది కనబడదు. ఒక్కో అయాన్ బరువును దాని ఆవేశంతో భాగించగా వచ్చిన తుల్యభారంతో రిపోర్టులోని అంకెను భాగించాలి. కాల్షియంకు ఆ అంకె 20.04, మెగ్నీషియంకు 12.15, సోడియంకు 23, పొటాషియంకు 39.1, బైకార్బొనేట్‌కు 61, క్లోరైడ్‌కు 35.45, సల్ఫేట్‌కు 48, నైట్రేట్‌కు 62. ఉదాహరణకు లీటరుకు కాల్షియం 80, మెగ్నీషియం 36.5, సోడియం 115, పొటాషియం 3.9 మిల్లీగ్రాములు ఉన్నాయనుకుందాం. భాగిస్తే 3.99, 3.00, 5.00, 0.10, మొత్తం 12.09 మిల్లీతుల్యాంకాలు. అటువైపు బైకార్బొనేట్ 366, క్లోరైడ్ 142, సల్ఫేట్ 72, నైట్రేట్ 31 అయితే 6.00, 4.01, 1.50, 0.50, మొత్తం 12.01. తేడా రెండింటి మొత్తంలో అర శాతం కూడా లేదు. 5 శాతం లోపు ఉంటే మామూలుగా ఒప్పుకుంటారు.

తేడా ఎక్కువగా వస్తే పరీక్షను తప్పు పట్టే ముందు అంకెను ఏ లెక్కలో ఇచ్చారో చూడాలి. క్షారతను ల్యాబులు 'కాల్షియం కార్బొనేట్‌గా' ఇస్తాయి. పై నీటికే ఆ అంకె 300 అవుతుంది. దాన్ని బైకార్బొనేట్ అనుకుని 61తో భాగిస్తే రుణావేశం 10.92కు పడిపోయి తేడా 5 శాతం దాటుతుంది. 1.22తో హెచ్చిస్తే లెక్క కుదురుతుంది. నైట్రేట్‌దీ అదే తంతు. 'నైట్రోజన్‌గా' 10 అన్నా, 'నైట్రేట్‌గా' 45 అన్నా దాదాపు ఒకటే. కానీ నైట్రోజన్‌గా ఇచ్చిన 20ని చూసి పరిమితి 45 కంటే తక్కువే కదా అనుకుంటే, పరిమితికి రెట్టింపు ఉన్న నీటిని మంచిదని పాస్ చేసినట్టే.

ఇదే సమతూకం ఆసుపత్రి రక్త పరీక్షలోనూ ఉంది. సోడియం లీటరుకు 135 నుంచి 145 మిల్లీమోల్‌లు ఉంటే, క్లోరైడ్, బైకార్బొనేట్ కలిపినా అంత రావు. ఆ తేడాను ఆనయాన్ గ్యాప్ అంటారు. పేరును బట్టి ఖాళీ అనిపిస్తుంది గానీ రక్తంలో అలాంటి ఖాళీ ఏదీ లేదు. ఆల్బుమిన్ వంటి, మామూలుగా కొలవని ఆనయాన్లు అక్కడున్నాయి. మధుమేహం ముదిరి కీటోఆమ్లాలు పేరుకున్నప్పుడు ఆ గ్యాప్ పెరుగుతుంది కాబట్టే వైద్యులు దాన్ని చూస్తారు. పొటాషియం అంకె మాత్రం రోగి వల్ల కాక సిరంజి వల్ల కూడా పెరగొచ్చు. రక్తం తీసేటప్పుడు ఎర్ర కణాలు పగిలితే వాటిలోని పొటాషియం బయటికి వస్తుంది. పొటాషియం మరీ ఎక్కువగా, కాల్షియం మరీ తక్కువగా ఒకేసారి కనబడితే, ఊదా మూత గొట్టంలోని పొటాషియం ఈడీటీఏ (కాల్షియంను పట్టేసి రక్తం గడ్డకట్టకుండా ఆపే పదార్థం) నమూనాలో కలిసిందేమోనని చూసి, మళ్లీ రక్తం తీయడం ఆనవాయితీ.

ద్రావణం దాటి గాలిలోకి వెళ్తే మాటల హద్దులు మారతాయి. ఎలక్ట్రాన్ ఆవేశిత కణమే కానీ అయాన్ కాదు. ఆల్ఫా కణం రెండు ఎలక్ట్రాన్లు కోల్పోయిన హీలియం కాబట్టి అయాన్ కూడా. ఎక్స్ కిరణాలకు, గామా కిరణాలకు అసలు ఆవేశమే లేదు. అయినా అవి అయనీకరణ వికిరణం కిందికే వస్తాయి. ఎందుకంటే ఆ పేరు అవి ఏమిటో కాదు, తగిలినచోట ఏం చేస్తాయో చెబుతుంది. నీటి అణువు నుంచి ఎలక్ట్రాన్‌ను పీకాలంటే 12.6 ఎలక్ట్రాన్ వోల్టులు కావాలి. రెండు గిగాహెర్ట్జ్ మొబైల్ సిగ్నల్‌లోని ఒక్కో ఫోటాన్‌లో ఉన్నది ఎలక్ట్రాన్ వోల్ట్‌లో లక్షో వంతు కూడా కాదు. టవర్ సిగ్నల్‌ను, ఎక్స్ కిరణాన్ని 'రేడియేషన్' అన్న ఒకే గాటన కట్టి భయపెట్టే రాతల్లో ఈ విశేషణమే ఎగిరిపోతుంది.

పై వాతావరణంలోని అయనోస్పియర్‌కు ఆ పేరు 1920లలో రాబర్ట్ వాట్సన్ వాట్ సూచించాడు. సుమారు 60 కిలోమీటర్ల నుంచి మొదలయ్యే ఈ పొరలో చాలా ఎత్తు దాకా తటస్థ కణాలదే మెజారిటీ, అయాన్లు కొద్దిపాటివే. రాత్రి దూరపు మీడియం వేవ్ స్టేషన్లు వినబడడానికి కారణం, పగలు తరంగాలను మింగే కింది డి పొర చీకటి పడ్డాక చాలావరకు కరిగిపోయి, పై పొరలు వాటిని వెనక్కి పంపడం. ఇందులో పని చేసేది పేరులో ఉన్న అయాన్ కాదు. రేడియో తరంగం ఊపినప్పుడు అయాన్ బరువు వల్ల దాదాపు కదలదు, వేల రెట్లు తేలికైన ఎలక్ట్రాన్ ఊగుతుంది. తిరుపతి దగ్గర గాదంకిలోని 53 మెగాహెర్ట్జ్ రాడార్ అయనోస్పియర్‌ను చూసేటప్పుడు పట్టుకునేదీ ఆ ఎలక్ట్రాన్ల సాంద్రతలోని హెచ్చుతగ్గులనే.